యుక్కా పూస్తుంది, కాయదు: మొహావీ ఎడారి చిమ్మట రూపం, విస్తృతి

బెంగళూరులో యుక్కా కుండీ లేని అపార్ట్‌మెంటు గేటు వెతికితే గాని దొరకదు. కత్తుల్లాంటి ఆకులు, వారం పాటు నీళ్లు పోయడం మర్చిపోయినా వాడని మొండితనం. మొక్క ముదిరాక ఏదో ఒక ఏడు నడినెత్తిలోంచి పూల గెల లేస్తుంది. మీగడ రంగు పూలు వందల్లో గంటల్లా వేలాడతాయి, కొన్నాళ్లకి ఒక్కొక్కటే రాలిపోతాయి, చివరికి ఎండిన కాడ మిగులుతుంది. లాల్‌బాగ్ దగ్గర సిద్ధాపుర నర్సరీల్లో "అన్నా, దీనికి కాయలు రావా?" అని అడిగితే "ఇది షోకి పెట్టుకునేది సార్, కాయదు" అంటారు. సగమే నిజం. మొక్క గొడ్డుది కాదు. దీని పెళ్లిళ్ల పేరయ్య అమెరికాలో ఉండిపోయాడు, అంతే.

ఆ పేరయ్య ఒక చిన్న చిమ్మట. ఈ మాటతో ముందే ఒక చిక్కుంది. కొన్ని ఊళ్లలో చిమ్మట అంటే రాత్రిళ్లు కీచుమని అరిచే పురుగు. ఇక్కడ ఆ అర్థం కాదు. దీపం చుట్టూ తిరిగే రెక్కల పురుగు, సీతాకోకచిలుకకి దగ్గరి చుట్టం, ఇంగ్లిషులో మాత్ అనేది. యుక్కా జాతులు పదుల సంఖ్యలో ఉన్నాయి. వాటిలో దాదాపు అన్నిటికీ పుప్పొడి మోసేవి టెగెటిక్యులా, పారాటెగెటిక్యులా అనే రెండే ప్రజాతుల చిమ్మటలు. అన్నిటి గురించీ ఒకేచోట చెబితే కలగాపులగం అవుతుంది కాబట్టి, అచ్చమైన ఎడారి జంటను తీసుకుందాం: అమెరికా నైరుతిలోని మొహావీ ఎడారిలో పెరిగే జాషువా చెట్టు (అదీ ఒక యుక్కానే), దాని నల్ల చిమ్మట. ఈ చిమ్మట ఎలా ఉంటుంది, ఎక్కడ ఉంటుంది అన్నవి రెండు వేర్వేరు ప్రశ్నల్లా కనిపిస్తాయి గానీ, రెండిటికీ జవాబు ఆ చెట్టు పువ్వులోనే ఉంది.

మూతి కింద రెండు తీగలు

యుక్కా చిమ్మట అనగానే పుస్తకాల్లో కనిపించే బొమ్మ తెల్లటిది. అది టెగెటిక్యులా యుక్కాసెల్లా. తెల్లపువ్వులో కూర్చుంటే ఎక్కడుందో పట్టుకోవడం కష్టం. జాషువా చెట్టు మీద ఉండే టెగెటిక్యులా సింథెటికా అలా కాదు. ముదురు బూడిద రంగు, దూరం నుంచి నలుపే అనిపిస్తుంది. రెక్కలు సన్నగా, పొడుగ్గా ఉంటాయి. రెక్కలు చాపినా రూపాయి బిళ్ల వెడల్పుకి కాస్త అటూఇటూ. ఎడారి చిమ్మట అనగానే ఇసక రంగు, మచ్చలు, చారలు ఊహించుకునేవాళ్లకి ఇందులో ఏదీ కనిపించదు. కంటికింపైనది ఒక్కటీ లేదు. పైగా తెల్ల చిమ్మటలు చీకటి పడ్డాక తిరిగితే, ఇది పట్టపగలే పనిచేసుకుంటుంది.

దీన్ని గుర్తుపట్టడానికి చూడాల్సింది రెక్కలు కాదు, మూతి. ఆడ చిమ్మట నోటి పక్కనుండే భాగాల మొదట్లోంచి రెండు వంకర తీగలు మొలుస్తాయి. వాటి మీద సన్నటి ముళ్లుంటాయి. మగవాటికి ఈ తీగలుండవు. లోకంలో చిమ్మటలు లక్షకి పైగా జాతులున్నా, ఇలాంటి అవయవం యుక్కా చిమ్మటల్లోనే కనిపిస్తుంది. తినడానికి ఇవి పనికిరావు. అసలు పెద్ద పురుగుగా బతికే ఆ కొద్ది రోజుల్లో ఈ చిమ్మట తిండి మీద పెద్దగా దృష్టి పెట్టదు. తీగల పని ఒక్కటే: పుప్పొడి.

ఆ పని దగ్గర్నుంచి చూడాలి. యుక్కా పుప్పొడి మందారం పొడిలా రాలదు, జిగటగా ముద్ద కడుతుంది. ఆడ చిమ్మట కేసరం ఎక్కి, తలని పరాగకోశం (పుప్పొడి సంచి) మీద వంచి, తీగలతో ఆ జిగట పుప్పొడిని గీరి పోగు చేస్తుంది. ముందుకాళ్లతో అదిమి ఉండ చేస్తుంది. ఇంకో కేసరం, మరొకటి. చివరికి ఆ ఉండ తల కింద, మెడకి ఆనుకుని, తీగల పట్టులో నిలుస్తుంది. ఒక్కో ఉండలో 10,000 దాకా పుప్పొడి రేణువులుంటాయి. ఆ చిమ్మట బరువులో దాదాపు పదో వంతు. అరవై కిలోల మనిషి ఆరు కిలోల బియ్యం మూట గడ్డం కింద పెట్టుకుని ఎగిరినట్టు.

తర్వాత సాధారణంగా వేరే చెట్టు పువ్వుకి వెళ్తుంది. లోపలికి దూరి, ముందు అండాశయం (కాయగా మారే భాగం) చుట్టూ తిరిగి వాకబు చేస్తుంది. పువ్వు లేతదేనా, తనకంటే ముందు ఇంకెవరైనా గుడ్లు పెట్టిపోయారా అని చూసుకోవడమన్నమాట. నచ్చితే పొట్ట చివరి సూదితో గుడ్డు పెడుతుంది. పెట్టాక ఊరికే పోదు. అండాశయం మీద నిలబడే కీలం కొసకెక్కి, ఉండలోంచి కాస్త పుప్పొడి తీసి, కీలాగ్రం మధ్యలో ఉన్న గుంటలోకి తీగలతో కూరుతుంది. మళ్లీ కిందికి దిగి ఇంకో గుడ్డు, మళ్లీ పైకెక్కి ఇంకాస్త పుప్పొడి.

తేనెటీగ చేసేదానికీ దీనికీ తేడా ఇక్కడే. తేనెటీగ తన తిండి కోసం తిరుగుతుంటే ఒంటికంటిన పుప్పొడి ఎక్కడో రాలుతుంది. ఈ చిమ్మట పని కట్టుకుని, తెలిసి చేసినట్టే చేస్తుంది. లెక్క మాత్రం స్వార్థమే: విత్తనం పడకపోతే దాని పిల్లకి తిండి లేదు. గుడ్లోంచి వచ్చిన లార్వా కాయలో ఉన్న విత్తనాల్లో కొన్ని తింటుంది, మిగిలినవి చెట్టువి. అది చిమ్మట చెట్టు చేత కట్టించుకునే కూలి.

ఈ బేరం మనకి కొత్తదేం కాదు. మేడిపండు పొట్ట విప్పితే పురుగులుంటాయని చిన్నప్పటి నుంచీ వింటూనే ఉన్నాం. ఆ పురుగులు అత్తి కందిరీగలు. అవి లేకపోతే మేడిచెట్టుకి విత్తనమే లేదు. అందులో తప్పంతా పురుగుదే అన్నట్టు చెప్పుకోవడం అన్యాయమే. ఇక ఉసిరి కుటుంబంలోని గ్లోకిడియాన్, బ్రేనియా మొక్కలకి ఎపిసెఫాలా అనే చిమ్మటలు ఇదే పని చేస్తాయని జపాన్ పరిశోధకులు ప్రకటించారు, గ్లోకిడియాన్ సంగతి 2003లో, బ్రేనియా సంగతి 2004లో. అవి తీగలతో కాకుండా తొండంతో పుప్పొడి మోస్తాయి.

మోసం, దానికి మందు

చిమ్మట ఎక్కువ గుడ్లు పెట్టేసి విత్తనాలన్నీ తన పిల్లలకే మేపితే ఏమవుతుంది? యుక్కా ఫిలమెంటోసా అనే మరో జాతి మీద పరిశోధకులు ఓలె పెల్‌మీర్, చాడ్ హుత్ 1994లో దీనికి జవాబు చూపించారు. గుడ్లు మితిమీరిన పువ్వుల్ని, పుప్పొడి తక్కువ పడ్డ పువ్వుల్ని మొక్క రాల్చేస్తుంది. పువ్వుతోపాటు లోపలున్న గుడ్లూ పోతాయి. ఎలాగూ పూసిన పువ్వులన్నిటినీ కాయలు చేసే శక్తి మొక్కకి ఉండదు, కొద్ది శాతమే నిలుపుకుంటుంది. ఏవి నిలపాలో ఎంచుకునేటప్పుడు అత్యాశపరుల లెక్క తేలుస్తుంది.

అయినా దొంగలు ఉన్నారు. టెగెటిక్యులా ఇంటర్మీడియా, టెగెటిక్యులా కరప్ట్రిక్స్ అనేవి పువ్వు కాయగా మారాక వచ్చి గుడ్లు పెడతాయి. అప్పటికి రాల్చే దశ దాటిపోయింది. వీటి ఆడవాటికి తీగలు కూడా లేవు. పుప్పొడి మోసిన పూర్వీకుల వారసులే ఆ పని మానేశారు. ఇవి కాక ప్రోడాక్సస్ అనే దగ్గరి బంధువులున్నాయి. అవి విత్తనాల జోలికి పోకుండా పూల కాడల్లోనో కాయ గుజ్జులోనో పెరుగుతాయి. జాషువా చెట్టు మీద టెగెటిక్యులా, ప్రోడాక్సస్ రెండూ ఒకే కాలంలో తిరుగుతాయి కాబట్టి ఫోటో చూసి యుక్కా చిమ్మట అని పేరు పెట్టేవాళ్లు తరచూ పప్పులో కాలేస్తారు. తల కింద పసుపు ఉండ కనిపిస్తే టెగెటిక్యులానే. కనిపించకపోతే తొందరపడొద్దు, అది మగది కావచ్చు, ఖాళీగా ఉన్న ఆడది కావచ్చు, ప్రోడాక్సస్ కావచ్చు.

ఒకటనుకున్నది రెండు

యుక్కా పువ్వుకీ చిమ్మటకీ సంబంధముందని 1872లో సెయింట్ లూయిస్‌లో వృక్షశాస్త్రజ్ఞుడు జార్జ్ ఎంగెల్‌మన్ గమనించాడు. అప్పటి మిస్సోరి రాష్ట్ర కీటక శాస్త్రజ్ఞుడు చార్లెస్ వాలెంటైన్ రైలీ దాని వెంటపడి మొత్తం సంగతి బయటపెట్టాడు. డార్విన్ 1874లో స్నేహితుడు హూకర్‌కి రాసిన ఉత్తరంలో దీన్ని మెచ్చుకున్నాడు. జాషువా చెట్టు మీది నల్ల చిమ్మటకి సింథెటికా అని పేరు పెట్టింది కూడా రైలీనే, 1892లో. తర్వాత 111 ఏళ్లు అది ఒకే జాతి అనుకున్నారు. 2003లో పెల్‌మీర్, కారీ సెగ్రేవ్స్ కలిసి తూర్పు వైపున్నది వేరే జాతి అని తేల్చారు. దాని పేరు టెగెటిక్యులా యాంటిథెటికా. సింథెటికాకి ఎదురుగా యాంటిథెటికా, పేరులోనే కొంటెతనం.

రెండూ పక్కపక్కన పెడితే రంగులో తేడా పట్టుకోలేం. కొలిస్తే తేడా తెలుస్తుంది: యాంటిథెటికా చిన్నది, దాని గుడ్లు పెట్టే సూది పొట్టిది. ఆ సూది పొడుగు ఎందుకంత ముఖ్యమంటే, జాషువా చెట్టు చిమ్మటలు చాలా యుక్కా చిమ్మటల్లా అండాశయం గోడకి కన్నం పెట్టవు. కీలంలోంచి సూది దింపి, కిందనున్న అండాల దాకా చేరుస్తాయి. బావి లోతుకి తగ్గ చేంతాడు కావాలి. పశ్చిమాన ఉండే యుక్కా బ్రెవిఫోలియా పువ్వులో ఆ దారి పొడుగు, సింథెటికా సూదీ పొడుగే. తూర్పున ఉండే చెట్టులో దారి పొట్టి, యాంటిథెటికా సూదీ పొట్టిదే. ఆ తూర్పు చెట్టును 2007లో యుక్కా జేగెరియానా అని వేరే జాతిగా గుర్తించాలని వృక్షశాస్త్రజ్ఞుడు లీ లెంజ్ ప్రతిపాదించాడు. చెట్లలోనూ తేడా కంటికి తెలుస్తుంది. పడమటిది ఎత్తుగా పెరిగి పైన కొమ్మలేస్తుంది, తూర్పుది పొట్టిగా, కిందినుంచే గుబురుగా ఉంటుంది. పువ్వు కొలత చిమ్మట ఒంటి మీద అచ్చేసినట్టుంది అంటే అతిశయోక్తి కాదు. ఎవరి కొలతకి ఎవరు మారారు అన్న వాదన మాత్రం తేలిగ్గా తెగేది కాదు.

పటం మీద రంగు పూస్తే సరిపోదు

జాషువా చెట్టు ఉండేది దక్షిణ కాలిఫోర్నియా, దక్షిణ నెవాడా, నైరుతి యూటా, పశ్చిమ అరిజోనా. అదే మొహావీ ఎడారి, దాని అంచులు. స్థూలంగా 400 నుంచి 1,800 మీటర్ల ఎత్తులో పెరుగుతుంది. పడమర సింథెటికా, తూర్పున యాంటిథెటికా. నడుమ డెత్ వ్యాలీ (మృత్యులోయ) లాంటి పల్లపు, చెట్టు బతకని వేడి ప్రాంతాలు అడ్డుగోడగా ఉన్నాయి. రెండు చెట్లూ, రెండు చిమ్మటలూ కలిసే చోటు నెవాడాలోని టికాబూ లోయ. పరిశోధకులు అక్కడికే పరుగెత్తడానికి కారణం ఇదే: ఎవరు ఎవరి పువ్వుకి పోతున్నారో ఒకే లోయలో లెక్కపెట్టొచ్చు. రెండు చిమ్మటలూ ప్రధానంగా తమ చెట్టుకే వెళ్తాయి. కానీ గీత గీసినట్టు విడిపోలేదు, సంకర చెట్లు కూడా ఉన్నాయి.

ఇక్కడే చాలామంది పొరబడతారు. చెట్టు లేనిచోట చిమ్మట ఉండదు కాబట్టి చెట్టు పటమే చిమ్మట పటం అనుకుంటారు. మొదటి సగం నిజం, రెండో సగం తప్పు. జాషువా ట్రీ నేషనల్ పార్కులో ఎత్తు మారేకొద్దీ చెట్లనీ చిమ్మటలనీ లెక్కపెట్టిన పరిశోధన 2018లో వచ్చింది. చెట్లు బాగా ఉన్న మధ్య ఎత్తుల్లో చిమ్మటలూ ఎక్కువ. బాగా ఎత్తైన చోట చెట్లున్నాయి, చిమ్మట కనిపించలేదు. అక్కడి చెట్లు విత్తనంతో కాకుండా వేరు నుంచి పిలకలేసుకుని వ్యాపిస్తున్నాయి. మన గేటు పక్కని యుక్కా పరిస్థితే! పటంలో ఆ చోటు పచ్చగానే కనిపిస్తుంది, కానీ చెట్టుకి ఆ చిమ్మట లేనట్టే లెక్క.

రెండో చిక్కు కాలం. జాషువా చెట్టు ఏటా పూయదు. చలి, వాన కలిసొచ్చిన ఏడు ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా పూస్తుంది, లేకపోతే ఊరుకుంటుంది. పువ్వు లేని ఏడు చిమ్మట ఏం చేస్తుంది? లార్వా విత్తనాలు తిన్నాక కాయకి కన్నం పెట్టుకుని బయటికొచ్చి, నేల మీద పడి, మట్టిలోకి దూరుతుంది. పట్టుదారంతో ఇసక రేణువులు కలిపి గూడు కట్టుకుంటుంది. అందులో ప్యూపా (రెక్కల పురుగుగా మారే ముందు దశ) కాకముందే ఆగిపోయి ఒక ఏడో, అంతకన్నా ఎక్కువో నిద్రపోతుంది. ఈ నిద్రకి ఈ కుటుంబం పేరుమోసింది: ప్రోడాక్సస్ వై-ఇన్వర్సస్ అనే బంధువు 30 ఏళ్ల తర్వాత ప్రయోగశాలలో నిద్ర లేచి బయటికొచ్చింది. కాబట్టి ఒక లోయలో ఒక వసంతమంతా వెతికి చిమ్మట లేదని రాసుకోవడం దండగ. కాళ్ల కింద మట్టిలో ఉండొచ్చు.

నిద్ర లెక్క చెట్టు లెక్కతో తప్పినా కష్టమే. 2018 నవంబరులో జాషువా చెట్లు అకాలంగా పూశాయి. వసంతం కోసం మట్టిలో ఎదురుచూసే చిమ్మటకి ఆ పువ్వు అందదు. 2020 ఆగస్టులో మొహావీలోని సైమా డోమ్ అనే ప్రాంతంలో మంటలు రేగి 43,000 ఎకరాలకి పైగా కాలింది. దాదాపు 13 లక్షల జాషువా చెట్లు పోయాయని అంచనా. అది తూర్పు చెట్టు ప్రాంతం, అంటే యాంటిథెటికా ఇల్లు. గూళ్లు మట్టిలో బతికినా, బయటికొచ్చే రోజుకి పైన పువ్వుండాలి కదా. పడమటి చెట్టును కాపాడటానికి కాలిఫోర్నియా 2023లో ప్రత్యేక చట్టమే చేసింది. చిమ్మట పేరున చట్టం లేదు గానీ, చెట్టు బతికితేనే అది బతుకుతుంది.

బెంగళూరులో చిమ్మట పని మనమే చేయాలంటే

ఎత్తు ఒక్కటే చూస్తే జాషువా చెట్టుకి బెంగళూరు సరిగ్గా సరిపోతుంది, 920 మీటర్లు. వాన దగ్గర బేరం చెడింది. అక్కడ ఏడాదికి 250 మిల్లీమీటర్లు కూడా పడని చోట్లే ఎక్కువ. ఇక్కడ సుమారు 1,000. సెప్టెంబరు, అక్టోబరు వానలకి మొదలు కుళ్లిపోతుంది. పైగా పూయాలంటే ఏళ్లకేళ్లు, దానికి నిజమైన చలికాలం కూడా కావాలి. మన మిద్దె తోటల్లో దొరికేవి వేరు: ముల్లు లేని మెత్తటి ఆకుల యుక్కా జైజాంటియా, కొస గుచ్చుకునే యుక్కా అలోయిఫోలియా. అలోయిఫోలియాది మళ్లీ వేరే దారి. తేనెటీగల వల్ల కూడా దానికి కాయ పడగలదు. కాబట్టి ఎవరింట్లోనైనా యుక్కాకి నల్లటి గుజ్జు కాయలు వేలాడితే అమెరికా చిమ్మట విమానమెక్కి వచ్చిందని పండగ చేసుకోనక్కర్లేదు.

జైజాంటియాకి చేత్తో పరాగ సంపర్కం చేసి చూడొచ్చు. ముందు తెలుసుకోవాల్సింది: ఒకే తల్లి మొక్క కొమ్మలు నాటి పెంచిన రెండు కుండీలు కంటికి రెండు, నిజానికి ఒకటే. తన పుప్పొడి తనకే పెడితే కాయ పడ్డా నిలవడం కష్టం. నర్సరీ సరుకంతా కొమ్మల నుంచి వచ్చేదే కాబట్టి, పుప్పొడి వేరే పేటలో, వేరే చోట కొన్న మొక్క నుంచి తెచ్చుకోవాలి. పువ్వు బాగా విచ్చుకునేది సాయంత్రం. చీకటి పడ్డాక గంట రెండు గంటల్లో పని ముగించాలి, మర్నాటి ఎండకి పువ్వు వడలిపోతుంది. మెత్తటి బ్రష్ వద్దు, జిగట పుప్పొడి కుచ్చులోనే ఇరుక్కుపోతుంది. పళ్ల పుల్ల కొసతో పరాగకోశం మీంచి ఆవగింజంత ముద్ద తీసి, కీలాగ్రం మూడు తమ్మెల మధ్యనున్న గుంటలోకి నొక్కాలి. పైన పులిమితే చాలదు. ఎక్కువమంది పొరబడేది ఇక్కడే. తేనెటీగలు పువ్వు చుట్టూ ఎంత తిరిగినా కాయ పడకపోవడానికీ ఇదే కారణం: కేసరాలు కీలానికి దూరంగా వంగి ఉంటాయి, పుప్పొడి దానంతటది ఆ గుంటలో పడదు.

ఒక గెలలో పది పదిహేను పువ్వులకి చేసి, కాడలకి రంగు దారం కట్టండి. వారం రోజుల్లో చాలావరకు రాలతాయి. కంగారు పడకండి, చిమ్మట చేసినా అంతే. రెండు వారాల తర్వాత కూడా పచ్చగా, కాస్త ఉబ్బి నిలిచినవే పడ్డట్టు. కాయ ముదిరేదాకా గెలని వదిలేయాలి, కాడ కొయ్యకూడదు.

జాషువా విత్తనాలు ఆన్‌లైన్‌లో కొనేవాళ్లకి ఒక మాట. విదేశీ విత్తనానికి మొక్కల క్వారంటైన్ అనుమతి, ఆరోగ్య ధ్రువపత్రం అవసరం. అవి లేకుండా కవర్లో వచ్చేవాటి జోలికి పోవద్దు. పత్రాలతో వచ్చినవాటినీ ఓసారి వెలుతురుకి పట్టి చూడండి. కాయలో ఈ విత్తనాలు పేర్చిన నాణేల్లా ఒకదాని మీద ఒకటి, నల్లగా, పలచగా ఉంటాయి. లార్వా ఆ వరసలోంచి సొరంగం తవ్వుకుంటూ పోతుంది కాబట్టి, నాలుగైదు విత్తనాలకి ఒకే చోట గుండ్రటి కన్నం కనిపిస్తుంది. అవి మొలవవు, పక్కన పెట్టేయండి.